స్వగృహము – దాని నిజమైన వెల

మహాభారతము అరణ్యపర్వమున యక్షుడు ధర్మరాజు నడిగిన ప్రశ్నలలో, లోకమున సంతోషముతో నుండువాడెవడు అనునది ఒకటి. సరస్తీరమున నలుగురు తమ్ములు నిర్జీవులై పడియుండగా, దాహార్తుడై నిలిచిన ధర్మరాజు దానికిచ్చిన సమాధానమున రాజ్యము లేదు, ఐశ్వర్యము లేదు. పగటి అయిదవ భాగముననో ఆరవ భాగముననో యైనను సరే, తన యింట కూరాకు వండుకొని తినుచు, ఎవరికిని ఋణపడక, పరదేశవాసము చేయక కాలము గడపువాడే సంతోషించువాడని ఆయన చెప్పెను.

ఈ యుత్తరమున విడదీయరాని రెండు నియమములు కలవు. ఇల్లు తనదై యుండవలెను, ఋణము లేకుండవలెను. నేటి గృహస్థుడు మొదటిదానిని సంపాదించుటకై రెండవదానిని విడుచుచున్నాడు. ఇల్లు తనది కావలెనని ఋణము చేయును. ఋణము తీరువరకు ఇల్లు పూర్తిగా తనది కాదు. ఇల్లు కట్టి చూడుము, పెండ్లి చేసి చూడుమని పెద్దలు ఊరక చెప్పలేదు. ఇట్టి ఋణము ధర్మసమ్మతమా? సమ్మతమైనచో దానికి గృహస్థుడు చెల్లించు నిజమైన వెల యెంత? ఈ రెండు ప్రశ్నలును విచారింపదగినవి.

ఓరుగల్లు నగరమునే చూతము. కాకతీయుల కోట, వేయిస్తంభముల గుడి, భద్రకాళి చెరువు, గోవిందరాజుల గుట్ట మొదలగు ప్రాచీన స్థలముల నడుమ హనుమకొండ, కాజీపేట, వరంగల్లు మూడును పెరిగి ఒక్క నగరమైనవి. ఉపాధ్యాయులు, రైల్వే ఉద్యోగులు, చిన్న వర్తకులు ఎందరో అచ్చట బ్యాంకు ఋణముతో ఇండ్లు కొనుచున్నారు. వారిలో ఒక గృహస్థుడు 25 లక్షల రూపాయలను, సంవత్సరమునకు నూటికి 9 వంతున, 20 సంవత్సరములలో తీర్చునట్లు తీసికొనెనని ఊహింతము. మన వాడుక లెక్కలో ఇది నూటికి నెలకు ముప్పావలా వడ్డీ. వినుటకు స్వల్పముగనే యున్నది. ఈఎంఐ అని అందరును పిలుచు నెలసరి వాయిదా సుమారు 22,493 రూపాయలగును. గృహస్థుడు తన జీతమును, ఈ అంకెను ప్రక్కప్రక్కన నుంచుకొని, కట్టగలనని నిశ్చయించి సంతకము చేయును. సాధారణముగా విచారము అంతటితో ముగియును.

కాని విచారము ఆరంభము కావలసినది అచ్చటనే. 22,493 రూపాయల చొప్పున 240 నెలలు చెల్లించినచో మొత్తము దాదాపు 53 లక్షల 98 వేలగును. అనగా అసలు 25 లక్షలు, వడ్డీ సుమారు 28 లక్షల 98 వేలు. ఇల్లు ఒకటి, చెల్లించినది రెండిండ్ల వెలకు మించినది.

ఇంకొక విశేషము గమనింపదగియున్నది. మొదటి నెల 25 లక్షలపై ముప్పావలా వంతున వడ్డీయే 18,750 రూపాయలు. వాయిదాలో మిగిలిన 3,743 రూపాయలు మాత్రమే అసలునకు చేరును. అసలు తరిగినకొలది వడ్డీ తగ్గును, వడ్డీ తగ్గినకొలది అసలునకు చేరు భాగము పెరుగును. కాని ఈ మార్పు మిక్కిలి మందగతిని సాగును. పది సంవత్సరములు ఒక్క నెలయైనను తప్పక చెల్లించిన గృహస్థుడు, అప్పటికి దాదాపు 27 లక్షలు కట్టియుండును. అనగా తాను తెచ్చినదానికంటె ఎక్కువ. అయినను లెక్క చూచినచో ఇంకను 17 లక్షల 75 వేలకు పైగా బాకీ నిలిచియుండును. అసలులో సగము తీరుటకు దాదాపు పదునాలుగేండ్లు పట్టును. ఇందు మోసమేమియు లేదు. ఏ నెల వడ్డీ ఆ నెల నిలిచియున్న అసలుపైననే లెక్కింపబడినది. లెక్క ధర్మముగనే యున్నది. దానిని ముందుగా తెలిసికొనకపోవుటయే లోపము.

ఇట్టి లెక్కలు మనవారికి క్రొత్తవి కావు. మహావీరాచార్యుని గణితసారసంగ్రహమున అసలు, వడ్డీ, కాలములకు సంబంధించిన గణితము విపులముగా నున్నది. ఆ గ్రంథమును పావులూరి మల్లన తెనుగు చేసెను. గృహస్థుడు వడ్డీలెక్క నెరిగియుండుట లోభమని పెద్దలు తలపలేదు. అది వ్యవహారజ్ఞానమని తలచిరి.

ఇక ధర్మశాస్త్రము ఏమి చెప్పుచున్నదో చూడవలెను. వడ్డీ తీసికొనుటను శాస్త్రము ఒక వృత్తిగా అంగీకరించి, దానికి హద్దులు గీచినది. వసిష్ఠుడు విధించినదని మనువు పేర్కొన్న వృద్ధి నెలకు అసలులో ఎనుబదవ వంతు; అనగా నూటికి రూపాయి పావలా. ఏదేని కుదువ ఉన్నపుడు వడ్డీ ఇంతేయని యాజ్ఞవల్క్యుడు చెప్పెను. చక్రవృద్ధి, కాలవృద్ధి, కారిత, కాయిక అనువానిని మనువు నిషేధించెను. చక్రవృద్ధి వడ్డీపై వడ్డీ. కారిత ఆపదలో నున్నవాని చేత ఒప్పించి వ్రాయించుకొన్నది. కాయిక శరీరశ్రమచే తీర్చునది. ఈ కడపటిదాని ఘోరమెట్టిదో తెలంగాణ సీమ కెరుకయే. తీసికొన్న అప్పునకై తరతరములు దొరల యింట వెట్టి చేసిన భగేలాల బ్రతుకులు దానికి సాక్ష్యము. దేశమంతటను వెట్టిచాకిరిని రద్దుచేసిన చట్టము 1976లో గాని రాలేదు.

ఈ నియమములతో పోల్చినపుడు నేటి గృహఋణపు వడ్డీ రేటు స్మృతులు గీచిన హద్దు లోపలనే యున్నది. రూపాయి పావలా యెక్కడ, ముప్పావలా యెక్కడ! అయినను చెల్లించునది రెండింతలకు మించుచున్నదేమి? శాస్త్రమున ద్వైగుణ్య నియమము ఒకటి కలదు. అసలునకు మించి వడ్డీ పెరుగరాదని, ఋణదాత కొనిపోవునది మొత్తము రెండింతలు దాటరాదని దాని తాత్పర్యము. దీనిని బట్టి 25 లక్షలకు 53 లక్షలు కట్టించుకొనుట అధర్మమని కొందరు త్వరపడి తీర్పు చెప్పవచ్చును. కాని మనువు మాటను శ్రద్ధగా చదివినచో, ఆ నియమము ఒక్కమారు కొనిపోవు ధనమునకు వర్తించునది. వడ్డీని నెలనెలకును, ఏటేటను పుచ్చుకొనుచున్నచో కాలక్రమమున రెండింతలు మించవచ్చునని వ్యాఖ్యాతలు విడదీసి చెప్పిరి. 13వ శతాబ్దిలో కేతన మితాక్షరను తెనిగించి ఇట్టి వ్యవహార ధర్మములను తెలుగువారి ముంగిటికి తెచ్చెను.

ఈ భేదము చిన్నది కాదు. కూడబెట్టిన వడ్డీ భారముక్రింద ఋణస్థుడు నలిగిపోకుండ శాస్త్రము అడ్డుపడినది. కాని నెలనెల వడ్డీ నిచ్చుచు అసలును దీర్ఘకాలము నిలుపుకొనువానికి, కాలమును తగ్గించుకొను బాధ్యత అతనిదే. గృహఋణమున భారమంతయు రేటునందు లేదు, కాలమునందున్నది.

ఆ 25 లక్షలనే అదే వడ్డీతో 15 సంవత్సరములకు తీసికొన్నచో వాయిదా సుమారు 25,357 రూపాయలు. నెలకు అధికము 2,864 రూపాయలు మాత్రమే. మొత్తము వడ్డీ 20 లక్షల 64 వేలకు దిగును. 8 లక్షల 34 వేలు మిగులును. 30 సంవత్సరములకు పొడిగించినచో వాయిదా 20,116 రూపాయలకు తగ్గును. నెలకు 2,377 రూపాయల ఊరట లభించును. ఆ యూరటకు వెల? వడ్డీ 47 లక్షల 41 వేలు దాటును. అనగా ఇరువదేండ్ల లెక్కకంటె 18 లక్షల 43 వేలు అధికము. తేలికయైన వాయిదా తేలికయైన ఋణము కాదు. నేడు నోటికి తీపియైనది రేపు విషమగుటను గీతయందు భగవానుడు రాజససుఖ లక్షణముగా బోధించెను గదా.

వడ్డీ స్థిరముగా నుండునను నమ్మకమును లేదు. ఫ్లోటింగు అని పిలువబడు మారుడు వడ్డీ ఋణములను బ్యాంకులు 2019 అక్టోబరు 1 నుండి బయటి ప్రమాణమునకు ముడిపెట్టవలెనని రిజర్వు బ్యాంకు విధించినది. రిజర్వు బ్యాంకు రెపో రేటు అట్టి ప్రమాణములలో ఒకటి. ఆ రేటు 2020 మే నెలలో నూటికి 4 కాగా, 2022 మే మొదలుకొని 2023 ఫిబ్రవరి లోపల 6.50కు పెరిగినది. 25 లక్షలను నూటికి 7 వంతున ఇరువదేండ్లకు తీసికొన్నవాని వాయిదా సుమారు 19,383 రూపాయలు. అతని వడ్డీ అదే విధమున రెండున్నర పెరిగి తొమ్మిదిన్నర అయినచో, 25 లక్షలపై ఒక్క నెల వడ్డీయే 19,792 రూపాయలు. వాయిదా మారనిచో అది వడ్డీకే చాలదు. కట్టుచున్నకొలది అప్పు పెరుగును. మనువు నిషేధించిన చక్రవృద్ధి ఇట్లు ద్వారమున నిలిచినట్లే. అట్లు కాకుండ చూడవలెనని, వడ్డీ మారినపుడు వాయిదా పెంచుకొనుటయా, గడువు పెంచుకొనుటయా అని ఋణస్థుని అడుగవలెనని రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఆదేశించినది. అడుగుట వారి విధి. తెలిసి ఉత్తరమిచ్చుట గృహస్థుని విధి. గడువు పెరిగినదని చెప్పు లేఖను చదువక పెట్టెలో వేసినవాడు తన జీవితములోని కొన్ని సంవత్సరములను చదువక ఇచ్చివేసినవాడగును.

ఇక్కడ ఒక ఆక్షేపణ రాగలదు. అద్దె యింట నున్నను ధనము పోవునది గదా. నెలకు 10,000 చొప్పున ఇరువదేండ్లకు 24 లక్షలగును, అద్దె పెరిగినచో అంతకు మించును, తుదకు చేతికి ఇల్లు రాదు. మరియు ఇరువదేండ్ల పిమ్మట ఇచ్చు రూపాయి నేటి రూపాయి అంత విలువ గలది కాదు. ఈ మాట సత్యమే. అందుచే గృహఋణము అధర్మమని గాని అవివేకమని గాని చెప్పుటకు వీలులేదు. వడ్డీ అనునది కాలమునకు వెల. ఇరువదేండ్ల తరువాత కట్టవలసిన యింటిలో నేడే కాపురముండుటకు, పిల్లలు అందు పెరుగుటకు, వృద్ధులైన తల్లిదండ్రులు ఇల్లు మారు బాధ లేకుండుటకు ఆ వెల ఇచ్చుచున్నాము. వెల ఇచ్చుట దోషము కాదు. ఎంత ఇచ్చుచున్నామో యెరుగక ఇచ్చుట దోషము.

అంకెలలో కానరాని వెల యింకొకటి కలదు. వాయిదాకు జీతములో సగమునకు మించి పోవుచున్నచో గృహస్థాశ్రమ ధర్మములన్నియు కుంటుపడును. అతిథి వచ్చినపుడు మొగము చిన్నబోవును. తల్లిదండ్రుల మందులకు వెనుదీయును. అన్యాయముగా ధనమార్జించు అవకాశము వచ్చినపుడు, వాయిదా భయము ధర్మభీతిని అణచివేయును. ఋణస్థునకు అసత్యము సులభమగునని లోకానుభవము. గృహము దేనికొరకో ఆ గృహస్థధర్మమునే ఋణము మ్రింగివేసినచో మిగులునది గోడలు మాత్రమే.

ఈ విషయమున ఓరుగల్లు జిల్లా ఎరిగిన దుఃఖమును మరువరాదు. 1997-98 కాలమున పంటలు చెడి, అప్పులు తీర్చలేక, పత్తిరైతులెందరో ప్రాణములు తీసికొనిరి. వారివి గృహఋణములు కావు. అయినను ఋణము మనస్సులోనే మూతపడి, భార్యకు, బిడ్డలకు, బంధువులకు చెప్పుకొనలేని లజ్జగా మారినపుడు ఎంతకు దారితీయునో ఆ దుఃఖము లోకమునకు చాటినది. ఋణము తీర్చుట ధర్మము. ఋణమునకై ప్రాణము విడుచుట ఏ శాస్త్రమునను ధర్మము కాదు. తీర్చలేని స్థితి వచ్చినపుడు బ్యాంకువారికి ముందుగా తెలిపి గడువు కోరుట, కాదన్నచో ఇల్లు అమ్మియైనను బయటపడుట అవమానము కాదు. సత్యవాక్యమునకై హరిశ్చంద్రుడు రాజ్యమును విడిచెను. అతనిని లోకము అల్పునిగా తలచినదా?

పుత్రులు తండ్రి ఋణము తీర్చవలెనని మితాక్షర ధర్మము. జూదము, మద్యము వంటివానికై చేసిన అప్పులను మాత్రము దానినుండి మినహాయించిరి. ఆ పుత్రబాధ్యతను మాత్రమే కారణముగా చూపి కొడుకులపై బాకీ రాబట్టు హక్కును, 2005 సెప్టెంబరు 9 తరువాత చేసిన అప్పుల విషయమున, హిందూ వారసత్వ సవరణ చట్టము తొలగించినది. కాని ఇల్లు తాకట్టున నుండగా తండ్రి గతించినచో ఆ తాకట్టు ఇంటిని విడువదు. కావున ఋణము చేయునాడే ఇంటివారందరికి దాని మొత్తము, గడువు, పత్రములున్న చోటు తెలిపియుంచవలెను. భార్యకు తెలియని ఋణము సగము అసత్యము.

ఇట్లు చెప్పగా, వేంకటాచలపతియే అప్పు చేసెను గదా, మనకేమి యని కొందరు పరిహాసముగా ననుదురు. వేంకటాచల మాహాత్మ్యమున శ్రీనివాసుడు పద్మావతీ పరిణయమునకై కుబేరుని యొద్ద ఋణము గొనిన కథ ప్రసిద్ధమే. వడ్డికాసులవాడను పేరు భక్తుల నాలుకపై నిలిచినదే. కాని ఆ కథను సాకుగా గాక పాఠముగా చదువవలెను. స్వామి ఋణము చేసినది వివాహమను ధర్మకార్యమునకు. చేసినది రహస్యముగా కాదు. బ్రహ్మరుద్రాదుల సాక్షిగా, పత్రము వ్రాసి యిచ్చి. గడువు కలియుగాంతమని తెలిసియే ఒప్పుకొనెను. లోకములకు ప్రభువైనవాడును ఇచ్చినవానికి తిరిగి ఇయ్యవలెనని నేటికిని వడ్డీ చెల్లించుచున్నాడని భక్తుల విశ్వాసము. ఋణము చేయుట స్వామిని చూచి నేర్చుకొన్నవారు, తీర్చుటయు స్వామిని చూచియే నేర్చుకొనవలెను. పైగా కలియుగాంతము వరకు గడువు స్వామికి గలదు. మానవునకు ఉద్యోగకాలము వరకే గలదు.

ఓరుగల్లు సీమలోని బమ్మెరవాడైన పోతన తెనిగించిన భాగవతమున బలిచక్రవర్తి కథ అందరెరిగినదే. శుక్రాచార్యుడు వచ్చినవాడెవడో, మూడడుగుల మాటకు పర్యవసానమేమో విప్పి చెప్పెను. బలి సర్వము విని, పోవునదేమో తెలిసి, మాటకు నిలిచెను. ఆతని గొప్పతనము ఇచ్చుటయందే కాదు, తెలిసి ఇచ్చుటయందు కలదు. నేటి గృహస్థుడు పదుల కొలది పుటలుగల పత్రములపై ఒక్కటియు చదువక సంతకము చేసి, ఆ తరువాత విధిని నిందించుచున్నాడు. వడ్డీతో పాటు ఇతర రుసుములను చేర్చి సంవత్సరమునకు మొత్తము భారమెంతో తెలుపు ముఖ్యవివరముల పత్రమును, 2024 అక్టోబరు 1 తరువాత ఇచ్చు ఋణములకు బ్యాంకులు తప్పక ఈయవలెను. అది శుక్రాచార్యుని హెచ్చరిక వంటిది. వినుటయు వినకుండుటయు గృహస్థుని వశము.

తీర్చు మార్గమున ఒక మేలు కలదు. మారుడు వడ్డీ గృహఋణమును ముందుగా తీర్చు వ్యక్తులనుండి బ్యాంకులు జరిమానా గొనరాదని 2012లోనే రిజర్వు బ్యాంకు నిర్ణయించినది. మొదట చెప్పిన గృహస్థుడు మొదటి సంవత్సరాంతమున ఒక లక్ష రూపాయలు అధికముగా అసలునకు జమకట్టి, వాయిదాను మార్చక సాగించినచో, చివర 22 నెలల వాయిదాలు తప్పును. సుమారు 4 లక్షల వడ్డీ మిగులును. అదే లక్షను పదునెనిమిదవ యేట కట్టినచో ఫలము స్వల్పము. ధర్మకార్యమును రేపటికి వాయిదా వేయరాదను పెద్దల మాట ఇచ్చట గణితముచే రుజువగుచున్నది.

ఇచ్చట భక్తకుటుంబములకు ఒక సందేహము కలుగును. అట్టి లక్ష చేతికి వచ్చినపుడు స్వామికి కానుకగా సమర్పింపవలెనా, ఋణమునకు కట్టవలెనా? ఇదివరకే మ్రొక్కియున్నచో ఆ మ్రొక్కును ఋణమే, అది తీర్పవలసినదే. మ్రొక్కు లేనిచో, కుటుంబమునకు బాధ కలుగని ధనమునే దానము చేయవలెనని యాజ్ఞవల్క్యుడు విధించెను. తనవారు కష్టపడుచుండగా పరులకు దానము చేయుట ధర్మమును పోలిన నకిలీ అని మనువు ఖండించెను. ఇతరునకు చెందవలసిన ధనముతో చేసిన దానమునకు ఫలము ఋణదాతదని పెద్దలందురు. స్వామి భక్తుని పత్రమును, పుష్పమును, ఫలమును, తోయమును చాలునన్నాడు. భక్తుని యింటిపై నున్న తాకట్టును కోరలేదు. కావున ఋణమున్నంతకాలము మ్రొక్కులు చిన్నవిగా చేయుట, చేసినవి తప్పక తీర్చుట, మిగిలినది అసలునకు కట్టుట భక్తికి లోపము కాదు. నెలనెల తప్పక కట్టిన వాయిదాయు సత్యవ్రతమే.

ఋణము పూర్తిగా తీరిన ముప్పది దినములలో ఇంటి మూలపత్రములను తిరిగి యీయవలెనని, ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయలు ఋణస్థునకు చెల్లింపవలెనని 2023 డిసెంబరు 1 నుండి నియమము అమలునకు వచ్చినది. ఆ పత్రములను అడిగి తెచ్చుకొనుట, రిజిస్ట్రారు కార్యాలయమున తాకట్టు నమోదై యున్నచో దానిని తొలగింపించుకొనుట మరువరాదు. గృహప్రవేశమునాడు బంధువులను పిలిచి పండుగ చేసికొనుట లోకాచారము. ఆ పత్రములు ఇంటికి చేరిననాడు దేవుని పటము ముందు వానిని ఉంచి, ఇంటివారందరు కలిసి ఒక్క దీపము వెలిగించుట అంతకంటె తగినది. ధర్మరాజు చెప్పిన రెండు నియమములును ఆ గృహస్థుని యింట ఒక్కటిగా కూడినది ఆనాడే.